రోడ్డు ప్రమాదం: కోర్టు ఇచ్చే పరిహారం, దానిమీద వడ్డీ



విత్తనం గురించి, ఎరువు గురించి, తెగుళ్ళ గురించి మీరు ఎన్నో ప్రసంగాలు విన్నారు. ఈ దినం నేను చెప్పబోయేది పొలం పని కాదు, కోర్టు పని. కోర్టు పని మనకెందుకు అంటారా? కుందుర్పి వంటి కరువు సీమలో మనకున్న ఆస్తి ఏమిటో ఒక్కసారి తలచుకోండి. వాన తక్కువ. వేరుశనగ వేస్తే పండిన ఏడు పండుతుంది, ఎండిన ఏడు ఎండుతుంది. పంట పోయిన ఏడు మనల్ని నిలబెట్టేది కాళ్ళూ చేతులే. ఆ కాళ్ళూ చేతులతోనే కూలికి పోతాం, కళ్యాణదుర్గం సంతకు పోతాం, పని వెతుక్కుంటూ బెంగుళూరు దాకా పోతాం. దారిలో ఒక లారీ తగిలి కాలు విరిగితే పోయేది కాలు ఒక్కటే కాదు, ఆ ఇంటి కూడు కూడా. పంట నష్టానికి బీమా ఉన్నదని మీకు తెలుసు. విరిగిన కాలికి కూడా చట్టం ఒక లెక్క పెట్టింది. ఆ లెక్క తెలియనివాడు తన న్యాయమైన సొమ్ములో సగం పోగొట్టుకుంటాడు. తెలిసినవాడు రాబట్టుకుంటాడు.

ముందు ఎక్కడికి పోవలెనో చెప్పుకుందాం. 1988 నాటి మోటారు వాహనాల చట్టం ప్రకారం ప్రమాదాల పరిహారానికి ప్రత్యేక ట్రిబ్యునళ్ళు ఉన్నవి. మన జిల్లాకు అది అనంతపురం జిల్లా కోర్టులో నడుస్తుంది. అర్జీ 166వ సెక్షను కింద వేయవలెను. ప్రమాదం జరిగిన చోటనే వేయాలన్న నిర్బంధం లేదు. గాయపడిన వాడు కాపురముండే చోట వేయవచ్చు, ఎదుటి పక్షం ఉండే చోటనైనా వేయవచ్చు. అనగా కుందుర్పి మనిషికి బెంగుళూరు రోడ్డుమీద దెబ్బ తగిలినా, వాయిదాలకు బెంగుళూరు తిరగనక్కరలేదు. అనంతపురంలోనే అర్జీ పెట్టుకోవచ్చు. ఈ ఒక్క సంగతి తెలియక వాయిదాల దారిఖర్చులకు భయపడి కేసు వదులుకునేవారున్నారు.

ఇక గడువు. 2022 ఏప్రిల్ 1 నుంచి అమలులోకి వచ్చిన సవరణ ప్రకారం ప్రమాదం జరిగిన 6 నెలలలోపల అర్జీ వేయవలెను. ఈ గడువుమీద పై కోర్టులలో వాదాలు వచ్చిన మాట నిజమే. కాని ఆ వాదాలను నమ్ముకొని ఇంట్లో కూర్చోవడం తెలివి కాదు. విత్తుకు అదను ఉన్నట్టే అర్జీకీ అదను ఉన్నది. పైగా ఆలస్యం చేస్తే వడ్డీ కూడా పోతుంది. అది ఎట్లాగో తరువాత చెబుతాను.

ట్రిబ్యునల్లో ఏమి రుజువు చేయాలి? ఎదుటి బండివాడు అజాగ్రత్తగా నడిపాడని, అందువలన మీకు గాయమైందని చూపాలి. హత్యకేసులో అడిగేంత గట్టి సాక్ష్యం ఇక్కడ అడగరు. ఏ పక్షం మాట ఎక్కువ నమ్మదగినదిగా ఉన్నదో అది చాలు. అయినా కాగితం లేని మాట గాలిమాటే గదా! కనుక ప్రమాదం జరిగిన రోజే పోలీసు స్టేషనులో ఫిర్యాదు నమోదు చేయించండి. ఎఫ్.ఐ.ఆర్. నకలు అడిగి తీసుకోండి. బండి నెంబరు, బీమా కంపెనీ పేరు వ్రాసి పెట్టుకోండి. 2022 నాటి నిబంధనల ప్రకారం పోలీసువారు 48 గంటలలోపల మొదటి ప్రమాద నివేదికను ట్రిబ్యునలుకు పంపవలసి యున్నది. అది పోయిందో లేదో విచారించుకోవడం మీ హక్కు.

ఆసుపత్రిలో మరొక జాగ్రత్త. గాయం ఎట్లా తగిలిందని డాక్టరు అడిగితే ఉన్నది ఉన్నట్టు చెప్పండి. కేసు అవుతుందేమో అన్న భయంతో 'మిద్దె మీదనుంచి పడ్డాడు' అని వ్రాయిస్తే, ఆ ఒక్క ముక్క పట్టుకొని బీమా కంపెనీ వకీలు మీ కేసంతా కొట్టించవచ్చు. మందుల చీటీలు, ఎక్స్‌రేలు, డిశ్చార్జి కాగితం, బాడుగ బండికి ఇచ్చిన రసీదు, అన్నీ ఒక సంచిలో పెట్టి దాచండి. ఇంటిలో పాసుపుస్తకం దాచినంత భద్రంగా ఈ సంచిని దాచవలెను.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. కోర్టు పరిహారాన్ని ఒక్క ముద్దగా ఇవ్వదు. పద్దుల ప్రకారం కడుతుంది. గాయాల కేసులకు ఏయే పద్దులు ఉండాలో 2010లో సుప్రీంకోర్టు రాజ్‌కుమార్ తీర్పులో విడమరచి చెప్పింది. ఒకటి, వైద్యానికి, మందులకు, రాకపోకలకు, బలమైన ఆహారానికి అయిన ఖర్చు. రెండు, మంచాన ఉన్న నెలలలో పోయిన సంపాదన. మూడు, అంగవైకల్యం శాశ్వతంగా నిలిచిపోతే ఇక ముందు తగ్గబోయే సంపాదన. నాలుగు, ముందు ముందు చేయించుకోవలసిన వైద్యం. ఐదు, నొప్పికి, బాధకు, బ్రతుకులో పోగొట్టుకున్న సుఖానికి ఇచ్చే సొమ్ము. చిన్న గాయాలకు మొదటి రెండూ, నొప్పి పద్దూ మాత్రమే వస్తవి. శాశ్వత వైకల్యం ఉన్నప్పుడే మూడవ పద్దు వస్తుంది. పెద్ద సొమ్మంతా సామాన్యంగా ఆ మూడవ పద్దులోనే ఉంటుంది. కాబట్టి అక్కడ బాగా చెవి ఒగ్గి వినండి.

డాక్టరు సర్టిఫికెట్టులో 'కుడి కాలికి 40 శాతం వైకల్యం' అని వ్రాస్తాడు. ఆ 40 శాతం కాలికే గాని మనిషికి కాదు. మనిషి మొత్తానికి లెక్క వేస్తే అది తగ్గవచ్చు. కాని అంతటితో అయిపోలేదు. ఆ వైకల్యం వలన అతని సంపాదన ఎంత తగ్గుతుందన్నది వేరే ప్రశ్న. ఆ ప్రశ్నకు జవాబు చెప్పేది డాక్టరు కాదు, ట్రిబ్యునలు. రాజ్‌కుమార్ తీర్పులోని ఉదాహరణే తీసుకోండి. ఎడమ చెయ్యి పోతే డ్రైవరుకు, వడ్రంగికి సంపాదన దాదాపు పూర్తిగా పోయినట్టే. అదే చెయ్యి పోయిన ప్రభుత్వ గుమాస్తా తన ఉద్యోగం చేసుకోగలడు. గాయం ఒక్కటే, నష్టం వేరు. కనుక మీరు చేసే పని ఏదో కోర్టుకు కళ్ళకు కట్టేటట్టు చెప్పాలి. గొర్రు పట్టేవాడా, బస్తాలు మోసేవాడా, గొర్రెల వెంట రోజంతా నడిచేవాడా? విరిగిన కాలుతో ఆ పని ఎంతవరకు సాగుతుంది? ఈ మాట సాక్ష్యంలో రాకపోతే కోర్టు ఊహించి వ్రాయదు. వైద్యం చేసిన డాక్టరునో, వైకల్యాన్ని లెక్కగట్టిన డాక్టరునో సాక్షిగా పిలిపిస్తే మరీ మంచిది.

కర్ణాటకలో కూరగాయలు అమ్ముకునే ఒక యువకునికి 2008లో జరిగిన ప్రమాదంలో కాలు తీసివేశారు. కూర్చుని అమ్ముకునేవాడికి కాలితో పనేమిటన్న ధోరణిలో కింది కోర్టు నష్టాన్ని తగ్గించింది. 2014లో సుప్రీంకోర్టు ఆ వాదాన్ని ఒప్పుకోలేదు. కాలు పోయిన కూలివానికి బ్రతుకుతెరువు పోయినట్టేనని తలచి, నష్టాన్ని 85 శాతంగా కట్టింది. ఇది మన వంటి కష్టజీవులందరికీ పనికివచ్చే తీర్పు.

రైతుకు మాత్రం ఇంకొక చిక్కు ఉన్నది. 'నీ భూమి నీకు ఉన్నది గదా, పంట వస్తున్నది గదా, నీ సంపాదన ఎక్కడ పోయింది?' అని బీమా కంపెనీ వకీలు అడుగుతాడు. 2003లో హర్యానా నుంచి వచ్చిన ఒక మరణం కేసులో సుప్రీంకోర్టు కూడా ఇదే సంగతి చెప్పింది. భూమి వారసులకు మిగిలే ఉంటుంది గనుక పంట రాబడి అంతా నష్టం కాదు, ఆ భూమిని చూసుకోవడానికి మరొక మనిషిని పెట్టుకోవలసి రావడమే నష్టమని దాని సారాంశం. కనుక రైతు ఏమి చూపాలి? తాను చేసుకునే దుక్కి, కలుపు, నీటికట్టు పనులకు ఇప్పుడు ఎంతమంది కూలీలను పెట్టవలసి వచ్చింది, ఎంత ఇచ్చాడు, ఆ లెక్క చూపాలి. కూలి ఇచ్చిన రోజునే పుస్తకంలో తేదీ, పని, రూపాయలు వ్రాసి సంతకమో వేలిముద్రో పెట్టించండి. వట్టి పాసుపుస్తకం చూపితే చాలదు. భూమి చేస్తూ కూలికి కూడా పోయేవాడు ఆ కూలి సంపాదనను వేరుగా చూపవలెను.

సంపాదన తేలిన తరువాత కోర్టు దానిని వయస్సునుబట్టి ఒక అంకెతో గుణిస్తుంది. ఆ అంకెల పట్టికను 2009లో సుప్రీంకోర్టు సరళా వర్మ తీర్పులో ఖాయం చేసింది. 21 నుంచి 25 ఏళ్ళవానికి 18, 26 నుంచి 30 వరకు 17, 31 నుంచి 35 వరకు 16, 36 నుంచి 40 వరకు 15, 41 నుంచి 45 వరకు 14, 46 నుంచి 50 వరకు 13. ఆ తరువాత 55 వరకు 11, 60 వరకు 9, 65 వరకు 7, అది దాటితే 5. వయస్సు ఒక్క ఏడాది అటూ ఇటూ అయితే అంకె మారిపోతుంది. కాబట్టి వయస్సు చూపే కాగితం సరిగా ఉండవలెను.

ముందు ముందు కూలి రేట్లు పెరుగుతవి గదా! దానికీ లెక్క ఉన్నది. 2017లో ప్రణయ్ సేఠీ తీర్పులో సుప్రీంకోర్టు, సొంత పని చేసుకునేవానికి 40 ఏళ్ళలోపు అయితే సంపాదనకు 40 శాతం, 40 నుంచి 50 వరకు 25 శాతం, 50 నుంచి 60 వరకు 10 శాతం కలపమన్నది. శాశ్వత వైకల్యం కలిగిన గాయాల కేసులకు కూడా ఈ పెంపు వర్తిస్తుందని 2020లో తేల్చింది.

ఇదంతా ఒక ఉదాహరణ మీద వేసి చూద్దాం. కుందుర్పిలో 38 ఏళ్ళ కూలి రైతు ఒకడున్నాడనుకోండి. నెల సంపాదన 12,000 రూపాయలని రుజువైంది. లారీ తగిలి కాలు విరిగింది. సంపాదనలో నష్టం 30 శాతమని ట్రిబ్యునలు తేల్చింది. 12,000కు 40 శాతం, అంటే 4,800 కలిపితే 16,800. ఏడాదికి 2,01,600. అందులో 30 శాతం 60,480. దానిని 15తో గుణిస్తే 9,07,200 రూపాయలు. ఇది ఒక్క మూడవ పద్దు. ఆసుపత్రి బిల్లులు 1,40,000. మంచాన ఉన్న 6 నెలల సంపాదన 72,000. బండి బాడుగలు, ఆహారం, తోడు మనిషి ఖర్చు 40,000. నొప్పికి, బాధకు లక్ష. మొత్తం 12,59,200 రూపాయలు. ఇది లెక్క తెలియడానికి చెప్పిన ఉదాహరణ గాని, ప్రతి కేసులోనూ ఇంతే వస్తుందని కాదు.

అర్జీలో తక్కువ అడిగాను, ఎక్కువ రాదేమో అని దిగులుపడకండి. అడిగిన దానికంటె న్యాయమైన సొమ్ము ఎక్కువని తేలితే ట్రిబ్యునలు ఎక్కువే ఇవ్వవచ్చునని 2002లో సుప్రీంకోర్టు చెప్పింది.

ఇప్పుడు వడ్డీ. వడ్డీ అంటే మనకు కొత్త కాదు. చట్టంలోని 171వ సెక్షను ప్రకారం పరిహారంమీద వడ్డీ ఇప్పించే అధికారం ట్రిబ్యునలుకు ఉన్నది. మూడు సంగతులు జ్ఞాపకముంచుకోండి. మొదటిది, అది బారువడ్డీ. వడ్డీకి వడ్డీ లేదు. రెండవది, రేటు చట్టంలో వ్రాసి లేదు. కాలాన్నిబట్టి, బ్యాంకు రేట్లనుబట్టి కోర్టు నిర్ణయిస్తుంది. సామాన్యంగా ఏడాదికి నూటికి 6 నుంచి 9 రూపాయల దాకా ఇస్తుంటారు. మూడవది, అన్నిటికన్న ముఖ్యమైనది. వడ్డీ ప్రమాదం జరిగిన రోజునుంచి కాదు. అర్జీ వేసిన తేదీకి ముందు వడ్డీ ఇవ్వడానికి చట్టం ఒప్పుకోదు.

మన ఉదాహరణకే వడ్డీ కట్టండి. 12,59,200కు ఏడున్నర శాతం చొప్పున ఏడాదికి 94,440 రూపాయలు. కేసు 3 ఏళ్ళు నడిస్తే 2,83,320. అసలు, వడ్డీ కలిపి 15,42,520. దీనినే నెలకు చూస్తే 7,870 రూపాయలు. అనగా అర్జీ వేయడం ఒక నెల జాగు చేస్తే 7,870 రూపాయలు చేజేతులా వదులుకున్నట్టు. 'తిరునాళ్ళు కానియ్యండి, కోతలు కానియ్యండి' అని అయిదు నెలలు గడిపితే దాదాపు 40 వేలు పోతవి. ఒక సంగతి కూడా చెప్పాలి. ముందు ముందు చేయించుకోబోయే వైద్యానికి ఇచ్చిన సొమ్ముమీద సామాన్యంగా వడ్డీ ఇవ్వరు. ఇంకా పెట్టని ఖర్చుకు వడ్డీ ఏమిటని కోర్టుల వాదం.

ఇక్కడ మన పల్లె వడ్డీనీ, కోర్టు వడ్డీనీ పక్కపక్కన పెట్టి చూడండి. ఏడున్నర శాతం అంటే నూటికి నెలకు 62న్నర పైసలు. ఊరిలో అప్పు నూటికి నెలకు 2 రూపాయలు. ఆసుపత్రి కోసం 1,40,000 అప్పు తెచ్చిన రైతు 3 ఏళ్ళలో 1,00,800 రూపాయల వడ్డీ కడతాడు. అదే సొమ్ముమీద కోర్టు ఇప్పించేది 31,500. మిగిలిన 69,300 అతని నెత్తినే పడుతుంది. చాలా ఇళ్ళు గాయంవలన కంటె ఈ తేడావలననే చితికిపోతున్నవి. కనుక అప్పు చేయకముందే ఉన్న దారులన్నీ చూడండి. 2025 మే నెలలో కేంద్ర ప్రభుత్వం ప్రకటించిన పథకం కింద రోడ్డు ప్రమాదంలో గాయపడినవానికి 7 దినాల వరకు, లక్షన్నర రూపాయల దాకా నగదు కట్టకుండా వైద్యం చేయవలసి యున్నది. ఆసుపత్రిలో చేరగానే ఆ మాట అడగండి.

పరిహారం ఎక్కడ తగ్గుతుందో కూడా తెలుసుకోవాలి. ప్రమాదంలో మీ తప్పు కూడా ఉన్నదని తేలితే ఆ వంతు కోసివేస్తారు. మన ఉదాహరణలో తప్పు 20 శాతం రైతుదే అయితే 2,51,840 రూపాయలు తగ్గిపోతవి. అయితే మోటారు సైకిలుమీద ముగ్గురు ఎక్కినంత మాత్రాన తప్పు మీదని అనడానికి వీలులేదు. ఆ ముగ్గురు ఎక్కడమే ప్రమాదానికి కారణమని ఎదుటి పక్షం చూపాలి. ఈ మాట సుప్రీంకోర్టు 2020లో చెప్పింది. అంతమాత్రాన ముగ్గురు ఎక్కమని నేను చెప్పడం లేదు సుమా!

లారీలలో, ట్రాక్టరు ట్రాలీలలో ప్రయాణం చేసే అలవాటు మనవైపు ఎక్కువ. పెండ్లికో, జాతరకో సరుకు బండిలో ఊరికే ఎక్కిపోయినవారికి బీమా కంపెనీ బాధ్యత లేదని 2002లో సుప్రీంకోర్టు తేల్చింది. అటువంటప్పుడు బండి యజమానిమీద మాత్రమే డిక్రీ వస్తుంది. అతని దగ్గర ఏమీ లేకపోతే కాగితం మిగులుతుంది. తన వేరుశనగ మూటలతోపాటు లారీలో పోయే సరుకు యజమానికి మాత్రం 1994 సవరణవలన రక్షణ ఉన్నది. సరుకు వేసిన చీటీ జేబులో ఉంచుకోవలెను. ఆడవాళ్ళనూ పిల్లలనూ ట్రాలీలో ఎక్కించేముందు ఈ మాట ఒక్కసారి తలచుకోండి.

గుద్దిన బండి ఆగకుండా పోయి, ఎవరిదో తెలియకపోతే? 2022 ఏప్రిల్ 1 నుంచి అమలులోనున్న పథకం కింద గట్టి గాయానికి 50,000, మరణానికి 2 లక్షలు ఇస్తారు. దానికి మన రెవెన్యూ డివిజను కార్యాలయంలో, అనగా కళ్యాణదుర్గంలో విచారించండి. ఎవరి తప్పు అన్నది రుజువు చేయకుండానే బీమా కంపెనీ నుంచి గట్టి గాయానికి రెండున్నర లక్షలు, మరణానికి 5 లక్షలు పొందే దారి 164వ సెక్షనులో ఉన్నది. కాని ఆ సొమ్ము పుచ్చుకుంటే 166 కింద వేసిన అర్జీ చెల్లదు. ఏది లాభమో లెక్క వేసి చూసుకొనే వేలు ముద్ర వేయండి.

లోక్ అదాలతులో రాజీ చేసుకోవడం మంచి పద్ధతే. కేసు త్వరగా తేలుతుంది. కాని అక్కడ ఒప్పుకున్న సొమ్ముమీద తిరిగి అప్పీలు లేదు. కనుక పోయేముందు ఇంట్లో కూర్చుని ఇప్పుడు నేను చెప్పిన లెక్క కాగితంమీద వేసుకోండి. మీ లెక్కకు, వారు ఇస్తామన్నదానికి ఎంత తేడా ఉన్నదో చూడండి. త్వరగా చేతికి వస్తుందని కొంత తగ్గవచ్చు, సగానికి తగ్గనక్కరలేదు. వకీలును పెట్టుకునే శక్తి లేనివారికి 1987 నాటి చట్టం కింద ఉచిత న్యాయ సహాయం ఉన్నది. స్త్రీలకు, షెడ్యూల్డు కులాలవారికి, తెగలవారికి, వికలాంగులకు ఆదాయంతో నిమిత్తం లేకుండానే ఇస్తారు. జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు అర్జీ పెట్టుకుంటే చాలు.

తీర్పు వచ్చిన 30 దినాలలోపల సొమ్ము జమకట్టవలెనని చట్టం. కట్టకపోతే భూమిశిస్తు బకాయి వసూలు చేసినట్టు కలెక్టరు ద్వారా వసూలు చేయించుకోవచ్చు. తీర్పు నచ్చకపోతే 90 దినాలలోపల హైకోర్టుకు అప్పీలు వేసుకోవచ్చు. సొమ్ములో కొంతభాగం బ్యాంకులో డిపాజిటుగా ఉంచమని ట్రిబ్యునలు ఆదేశిస్తే కోపం తెచ్చుకోకండి. చేతికి ఒక్కసారిగా వచ్చిన పైకం ఎన్ని దారుల పోతుందో మీకు తెలియనిది కాదు. మిగతాది మీ ఖాతాకే రావలెను. మధ్యవారి చేతులమీదుగా రానివ్వకండి. రాని సొమ్ములో వాటా వ్రాయించుకునేవారికి తెల్లకాగితంమీద సంతకం పెట్టకండి.

కనుక, సోదరులారా, చెప్పినది క్లుప్తంగా మనవి చేస్తాను. ఫిర్యాదు ఆ రోజే. కాగితాల సంచి మొదటి రోజునుంచే. అర్జీ వీలైనంత త్వరగా, 6 నెలలు దాటకుండా. చేసే పని, దాని సంపాదన, పెట్టిన కూలి, మూడూ రుజువుతో. రాజీకి ముందు లెక్క. ఈ అయిదూ పాటించినవానికి కోర్టు ఇచ్చేది దానధర్మం కాదు, అతని కష్టానికి కట్టిన వెల. పోయిన కాలును ఏ కోర్టూ తిరిగి ఇవ్వలేదు. కాని ఆ కాలు నడిపిన సంసారం ఆగిపోకుండా ఉండే మేరకు మన హక్కును మనం అడిగి తీసుకోవలెను.

సంతకు పోయేటప్పుడు బండి నెమ్మదిగా నడపండి, తలకు హెల్మెట్టు పెట్టుకోండి, చీకటిపడ్డాక ట్రాలీ వెనుక ఎర్రదీపం వెలిగించండి. సెలవు.